చన్నీళ్ళ పరీక్ష

ఆదివారం చర్చి నుంచి రాగానే మా అమ్మ చీర కూడా మార్చుకోకుండా టీవీ ముందు కూర్చునేది. తెలుగులోకి డబ్బింగ్ చేసిన అంతరిక్ష సీరియల్ అది. ఎక్కడో ఒక గ్రహం, దానికో చందమామ. చందమామ నుంచి బతకడానికి వచ్చినవాళ్ళు గ్రహం మీద కూలీనాలీ చేసుకుంటారు. చూడడానికి అందరూ ఒక్కలాగే ఉంటారు. అందుకని ప్రతి ఊరి గేటు దగ్గరా ఒక తొట్టి పెట్టి, వచ్చినవాళ్ళ చేతులు మంచునీళ్ళలో ముంచుతారు. చందమామవాళ్ళయితే గోళ్ళు నీలమవుతాయి. ఇక మెడపట్టి గెంటడమే.

అందులో ఒక నర్సు గోళ్ళకు రంగేసుకొని దవాఖానలో పనిచేస్తుంటుంది. ఆమె చేతులు ముంచిన రోజు మా అమ్మ కొంగుతో కళ్ళు తుడుచుకుంది. "వీని చేతులు పడిపోను. మనిషిని నీళ్ళల్ల ముంచి చూసుడేంది?" అని కాపలావాడిని తిట్టింది. నా పక్కన కూర్చున్న స్నేహితురాలు నవ్వింది. మా అమ్మది వెన్నలాంటి మనసని ఆమె అప్పట్లో నమ్మేది.

ఆమె, నేను ఒకే ప్రైవేటు బడిలో టీచర్లం. ఆమెది నెక్కొండ అవతల ఒక పల్లె. వరంగల్‌లో గది తీసుకొని ఉండేది. ఆదివారాలు మాతోపాటే చర్చిలో పూజకు వచ్చి, అటునుంచి మా ఇంటికి వచ్చేది. మా అన్న ఎనుమాముల దగ్గర మిర్చి కోల్డ్ స్టోరేజీలో సూపర్‌వైజరు. అంతకుముందు ఆదివారాలు కూడా డ్యూటీకి పరిగెత్తేవాడు, ఆమె రాకపోకలు మొదలయ్యాక అంతరిక్షం మీద ఎక్కడలేని ప్రేమ పెంచుకున్నాడు. ఏడాది తిరిగేసరికి ఆమెను చేసుకుంటానని అమ్మతో చెప్పాడు.

అమ్మ కాదనలేదు. పిల్ల మంచిదేగానీ ముందు వాళ్ళెవరో తెలియాలంది.

మాలో అది తెలుసుకోవడం అంత సులువు కాదు. మా ముత్తాతలు బాప్తిస్మం తీసుకున్నప్పుడు అన్నీ వదిలేసి కులాన్ని మాత్రం మూటగట్టుకొని తెచ్చుకున్నారు. కానీ పేర్లన్నీ పునీతుల పేర్లే, పేరు పట్టుకుంటే ఏమీ దొరకదు. ఆమె ఇంటిపేరు అటువాళ్ళలోనూ ఉంది, ఇటువాళ్ళలోనూ ఉంది. వాళ్ళ నాన్న రైల్వేలో గ్యాంగ్‌మన్‌గా ఊళ్ళు తిరిగినవాడు కాబట్టి ఎరిగినవాళ్ళు లేరు. మొహం మీద అడగలేం, క్రైస్తవులం కదా. ఇక మిగిలింది సమాధుల తోట. కొన్ని పల్లెల్లో అందరికీ తోట ఒకటే గానీ మధ్యలో బాట ఉంటుంది. బాటకు ఒక పక్క మాలాంటి పెద్దకులాల నుంచి కలిసినవాళ్ళు, ఇంకో పక్క దళితవాడ నుంచి కలిసినవాళ్ళు. చచ్చినా ఎవరూ బాట దాటరు.

నవంబరులో సమాధుల పండుగ వచ్చింది. ఆ రోజు ఎవరి పెద్దల సమాధుల మీద వాళ్ళు కొవ్వొత్తులు వెలిగిస్తారు. అమ్మ నన్ను వంటింట్లోకి పిలిచింది.

"నువ్వు గూడ ఆ పిల్లతోని పో బిడ్డా. వాళ్ళ తాతను ఏ దిక్కున పెట్టిండ్రో చూసి రా."

ఛీ అనలేదు నేను. పైగా హుషారుగా బయల్దేరాను. మా ఇంట్లో అందరూ ఆమెను మెచ్చుకోవడం నాకు అప్పటికే కంటగింపుగా ఉంది. మీ ఊరు చూస్తానంటే ఆమె పొంగిపోయింది. రైల్లో దారి పొడుగునా తన చిన్ననాటి ముచ్చట్లు చెప్పింది. నోట్లో చక్కెర, కడుపులో కత్తెర పెట్టుకొని నేను అన్నింటికీ తలూపాను.

తోటలో బాటకు అటు పక్కవన్నీ పెచ్చులూడిన సిమెంటు సమాధులు. ఇటు పక్క ఒకే ఒక్క నల్ల గ్రానైటు సమాధి అద్దంలా మెరుస్తోంది. ఆమె దాని ముందే ఆగింది. మెరిసేదేదైనా మావాళ్ళదే అయి ఉంటుందన్న లెక్క మా బుర్రల్లో పుట్టుకతోనే ఉంటుంది. హమ్మయ్య అనుకొని ఆమె చేతిలోంచి కొవ్వొత్తి అందుకొని నేనూ ఒకటి వెలిగించాను. ఆ సంబరంలో నోరు ఊరుకోలేదు. అటు పక్కనున్నవి ఆ వాడవాళ్ళవి కాబోలు అన్నాను.

ఆమె నావైపు తిరిగింది. "అటున్నయి పెద్దోళ్ళయి. మావాళ్ళది ఇటే. నాయిన రిటైరైనంక తాతకు గ్రానైటు పెట్టిచ్చిండు."

నేను చేయి దులుపుకున్నాను. మైనం కాలిందని చెప్పాను.

ఇంటికెళ్తే ఆమె తల్లి నాటుకోడి కోసి బగారన్నం వండింది. కొత్త చాప పరిచి పళ్ళెం నా ముందు పెట్టింది. నాకు కడుపు నకనకలాడుతోంది. కడుపులో బాగాలేదన్నాను. ఒక్క ముద్దయినా తినమని బతిమాలింది. సంచిలోంచి నా నీళ్ళ సీసా తీసి తాగాను. ఆ తల్లి పళ్ళెం మీద మూతపెట్టి లోపలికి తీసుకుపోయింది. నా స్నేహితురాలు ఆ రాత్రికి ఊళ్ళోనే ఉండిపోయింది. ఒక్కదాన్నే నెక్కొండ స్టేషనుకు వచ్చి, బయట బండి దగ్గర నాలుగు మిర్చి బజ్జీలు తిని రైలెక్కాను.

చూసింది అమ్మకు చెప్పాను. మరుసటి ఆదివారం ఆమె వస్తే, చుట్టాలొచ్చారని అమ్మ గుమ్మంలోంచే పంపేసింది. లోపలికి వచ్చి కూర్చొని, ఆ నర్సును గ్రహం నుంచి గెంటేసే భాగం చూస్తూ మళ్ళీ కంటతడి పెట్టింది. అమ్మ దొంగ ఏడుపు ఏడవలేదు, నిజంగానే ఏడ్చింది. చందమామవాళ్ళ మీద జాలిపడడంలో మాకు పోయేదేమీ లేదు. వాళ్ళు మా ఇంటికి కోడళ్ళుగా రారు. నేను పక్కనే కూర్చొని పల్లికాయలు ఒలుచుకు తిన్నాను.

మా అన్న అమ్మమాట జవదాటడనుకున్నాను. అమ్మ రెండు రోజులు అన్నం మానేసినా అతను వెనక్కి తగ్గలేదు. ఇల్లు వదిలేసి రిజిస్టర్ పెళ్ళి చేసుకుందామని ఆమె దగ్గరికి పోయి చెప్పాడు. ఆమె వద్దంది. ఎందుకో చెప్పలేదు. అన్న మూడు రోజులు డ్యూటీకి పోకుండా గోడవైపు తిరిగి పడుకున్నాడు.

నాకు ఒళ్ళు మండింది. స్టాఫ్ రూంలో ఆమెను పట్టుకొని, మా అన్నకేం తక్కువని నిలదీశాను. ఆమె పిల్లల పేపర్లు దిద్దుతోంది. పెన్ను ఆపలేదు.

"నువ్వెందుకొచ్చినవో నువ్వు మా గడప తొక్కంగనే మా అమ్మకు తెల్సింది" అంది. "అయినా కోడి కోసింది. ఆ పిల్ల ఒక్క ముద్ద తింటే సాలు, తక్కినోళ్ళు కాదన్నా నిన్నిస్త అని నాతోని అన్నది. ఆ ఇంట్ల నీకు ఒక్క మనిషన్న ఉంటదన్నది."

నిజంగానే కడుపునొప్పి అన్నాను.

"అమ్మ ఆ కూరే డబ్బల పెట్టి నాయినను స్టేషనుకు తోలింది. దార్ల ఆకలైతదేమో అని. నువ్వు బజ్జీలు తింటాంటె చూసి, నాయిన డబ్బ వాపస్ పట్కొచ్చిండు."

ఆ ఏడాది పరీక్షలు కాగానే ఆమె తొర్రూరులో వేరే బడికి వెళ్ళిపోయింది. అన్నకు మావాళ్ళలోనే సంబంధం చూసి చేశాం. ఇద్దరు పిల్లలు. వదిన ఇంట్లో లేనప్పుడు ఎప్పుడైనా అడుగుతాడు, ఆమె ఎందుకు వద్దన్నదో నీకేమన్నా చెప్పిందా అని. ఏమీ చెప్పలేదంటాను.

"నేనే నచ్చలేదు గావచ్చు" అంటాడు.

గావచ్చు అంటాను.