కారణము కింద వదిలిన ఖాళీ

ఇది రాయకుండా ఊరుకుందామనే అనుకున్నాను. పోయిన సోమవారం దువ్వూరు బస్సులో ఒకాయన, "ప్రొద్దుటూరు అర్జీల మామ పోయినాడంట, జమ్మలమడుగులో కూతురింట్లో. మట్టి కూడా ఇచ్చినారంట" అన్నాడు. ఆ మామ గురించి రాయాలంటే నా పిరికితనం గురించీ రాయాలి. అందుకే కలం కదల్లేదు.

మామ అంటే చుట్టరికం కాదు. ప్రొద్దుటూరు తాలూకా ఆఫీసు వసారాలో చెక్కపెట్టె ముందు కూర్చుని అర్జీలు రాసే సాయిబు. రాసింది పైకి చదివి వినిపించి, చెప్పుకున్నవాడు తలూపేదాకా వేలిముద్ర వేయనిచ్చేవాడు కాదు.

రాజధాని కర్నూలులో ఉన్న రోజులు. దువ్వూరు పక్కన మా అత్తగారి ఊళ్లో రెండెకరాల బంజరు ఐదేళ్లుగా సాగు చేసుకుంటున్నాను. పట్టా కోసం అర్జీ నేనే రాశాను. బడికి పోలేదు కానీ, పొట్లాల కాగితాలు చదివి అక్షరాలు నేర్చినవాణ్ణి. ఒకసారి బెల్లం పొట్లంలో సగం కథ దొరికితే, మిగతా సగం కోసం నెల రోజులు ఆ అంగట్లో బెల్లమే కొన్నాను. అంత చదువుకున్నవాడికి ఇంకొకరు అర్జీ రాయడమా?

జవాబొచ్చింది. "తిరస్కరించడమైనది." అంతే, కింద సంతకం.

ఎందుకో చెప్పకపోతే మనిషికి లోకమంతా కారణాలే. పక్క చేనాయన ఆకాశరామన్న ఉత్తరం రాశాడనిపించింది. ఆయనతో మాట మానేశాను. కరణం చూపు మారిందనిపించింది. పట్టపగలు కుక్క మొరిగినా, చేను ఖాళీ చేయించేవాళ్లు వచ్చారనుకుని వాకిట్లోకి పరిగెత్తేవాణ్ణి. జొన్న కంకి పట్టింది. కోసేదాకా ఉండనిస్తారో లేదో.

చివరికి పోయి మామ ముందు కూర్చున్నాను.

"ఎందుకు కాదన్న్యారు?"

"తెలీదు మామా."

"అడిగినావా?"

"అడిగితే ఉండేది గూడా పెరుక్కుంటారు."

"ఎవురు చెప్పినారు?"

"ఎవురూ చెప్పల్యా. నాకే అనిపిస్తాంది."

"అయితే తాసిల్దారు దొర కంటే ముందు నువ్వే తీర్పు చెప్పుకున్యావు గదప్పా."

ఏ కారణంచేత కాదన్నారో తెలిపితే బదులు చెప్పుకుంటానని రెండు వరుసలు రాశాడు. కింద "కారణము" అని పెట్టి, మిగతా పేజీ ఖాళీగా వదిలాడు.

"ఖాళీ కనపడితే గుమాస్తా ఏదో ఒకటి పూడ్చాల్సిందే" అన్నాడు. అంటూనే, లోపల ఎవరైనా విన్నారేమోనని తలుపు వైపు తొంగి చూశాడు.

"నీకూ భయమేనా మామా?"

"ల్యాకేం. ఈ నీడన కూచోనిచ్చేది వాళ్లే గదా. భయపడ్తానే రాయాల. భయం పోయినాక రాద్దామంటే సిరా ఎండిపోతాది."

లోపల గుమాస్తా కాగితం చదివి, "ఎవుడు రాసిచ్చినాడు ఇది?" అన్నాడు. నా వేలు వసారా వైపు లేచింది.

మూడు వారాలకు కాగితం తిరిగొచ్చింది. ఖాళీలో ఒకే వాక్యం: "అర్జీదారుడు పులివెందుల తాలూకా వాసి, ఈ గ్రామస్థుడు కాడు." ఊరేదంటే పుట్టినూరే చెప్పుకోవడం మాలో ఆనవాయితీ. పన్నెండేళ్లుగా కాపురముంటున్న ఊరు అర్జీలో రాయాలని నాకు తోచలేదు. ఇన్నాళ్లూ నేను వణికింది నా సొంత రాతకే. పక్క చేనాయనతో మాట కలపడానికి మాత్రం ఇంకో ఏడాది పట్టింది.

ఆ కాగితం పట్టుకుని పోతే వసారాలో మామ లేడు. ప్రహరీ గోడ పక్కన, నెత్తిన తడిగుడ్డ వేసుకుని ఎండలో కూర్చుని ఉన్నాడు. చదివి నవ్వాడు.

"పులివెందులోనికి దువ్వూరు చేను ఎట్లిస్తారప్పా?"

"ఈడికెందుకొచ్చినావు మామా?"

"ఆడ గాలాడ్డంల్యా" అన్నాడు, కొత్త కాగితం తీస్తూ.

గుమాస్తాకు వేలు చూపింది నేనేనని చెప్పకుండానే, ఆయన చదివి వినిపించినదానికి తలూపాను.

ఆ ఏడే పట్టా వచ్చింది. ఆ రెండెకరాలే మా ఇంటిని నిలబెట్టాయి. కొత్త జొన్నలు మూట కట్టుకుని, ఈసారి ఉన్నది చెప్పేద్దామని ప్రొద్దుటూరు పోయాను. గోడ పక్కన ఆయన ముందు నలుగురున్నారు. ఎవరి అర్జీనో పైకి చదివి వినిపిస్తున్నాడు. మూట ఆయన వెనక గోడకు ఆనించి, బస్సెక్కి ఇంటికి వచ్చేశాను.