ఎరుపుకు ఎరుపే

నా బల్ల సొరుగులో ఒక అగ్గిపెట్టె ఉంది. అందులో గోరంత ఎర్ర ప్లాస్టిక్ ముక్కలు రెండున్నాయి, ఒక్కోదానికి రెండేసి కాళ్ళు. రెండూ కాలిపోయిన కారు ఫ్యూజులు. సొరుగు సర్దబోయినవాళ్ళు వాటిని పారేస్తామంటే నేను ఒప్పుకోను. నలభై ఏళ్ళు పత్రికకు వార్తలు పంపిన నాకు, ఇంట్లో జరిగిన ఒక పెద్ద వార్తకు మిగిలిన ఆధారాలు అవే.

మా కారు పాతది. కన్నడ రాష్ట్రపు అంచున తెలుగు మాట్లాడుకునే మా బాగేపల్లిలో ఒక బడిపంతులు వాడి అమ్మేస్తే కొన్న చిన్న హ్యాచ్‌బ్యాక్. వెనక తలుపు ఎత్తితే నిలబడదు, అందుకని ఆసరాకు ఒక మల్బరీ కట్టె లోపలే ఉంటుంది. రోడ్డు పక్కన ఆగిపోయిన బండ్ల గురించి నేను చాలా రాశాను గానీ ఒక్కదాన్నీ బాగు చేయలేదు. కారు మొరాయిస్తే మెకానిక్‌కు ఫోన్ చేస్తాను. అతను వచ్చేదాకా చుట్టుపక్కల ఏం జరుగుతోందో చూస్తూ ఉంటాను.

నా భార్య ముప్పై ఏళ్ళుగా ఇంట్లో మిషన్ పెట్టుకుని జాకెట్లు కుడుతోంది. లైనింగు గుడ్డకూ దారాలకూ నెలకు రెండుసార్లు చింతామణికి పోవాలి. పోయినప్పుడు బట్లహళ్ళిలో ఉన్న అక్కను చూసి రావాలని ఆమెకు ఆశ. బస్సుల్లో రెండు పనులూ ఒక రోజులో తెమలవు. నా నడుము గంటకు మించి స్టీరింగు ముందు కూర్చోనివ్వదు. ‘మీకు వీలైనప్పుడు పోదాంలే’ అని అనీ అనీ, యాభై రెండో ఏట ఒక రోజు తనే పోయి నేర్చుకునేవాళ్ళకిచ్చే లైసెన్సు తెచ్చుకుంది. కారు ముందూ వెనకా ఎర్ర ఎల్ అక్షరం అంటింది.

మొదటిసారి పరీక్షలో తప్పింది. రివర్సులో బండి మూడుసార్లు ఆగిపోయింది. ఆ సంగతి చాకవేలులో ఉండే ఆమె తమ్ముడికి తెలిసింది. తమ్ముడంటే చిన్నవాడేమీ కాదు, నలభై ఎనిమిదేళ్ళ రైతు. రెండు బోర్లు, టమాట తోట, మోటారు స్టార్టర్లు అతని లోకం. అక్కను ఏడిపించడానికి దొరికిన ఏ అవకాశాన్నీ వదలడు.

“మా అక్క బండి ముందుకే పోతాదంట. వెనక్కి రమ్మంటే అలుగుతాదంట” అని ఊరంతా చెప్పాడు.

మళ్ళీ పరీక్షకు పోయేముందు రివర్సు బాగా రావాలని ఆమె వారాల తరబడి సాధన చేసింది. చేస్తూ చేస్తూ ఆ తాత్కాలిక లైసెన్సు గడువు చివరి రోజుదాకా వచ్చేసింది. రెండో పరీక్ష సరిగ్గా ఆ రోజే, చిక్కబళ్లాపురంలో, పదకొండు గంటలకు. తప్పితే మళ్ళీ అర్జీ, మళ్ళీ కంప్యూటరు ముందు రోడ్డు గుర్తుల పరీక్ష, అన్నీ మొదటినుంచి.

“ఈసారి పోతే నేనింక స్టీరింగు ముట్టను. మిషనే తొక్కుకుంటా ఉంటా” అంది ముందురోజు, గుండీలు కుడుతూ, తల ఎత్తకుండా. ఆమె ఊరికే మాట అనే మనిషి కాదు. నా భయం కూడా అదే.

పొద్దున ఎనిమిదిన్నరకు బయల్దేరాం. ఆమె స్టీరింగు ముందు, నేను పక్కన. బోరు మోటారు స్టార్టరుకు ఏదో సామాను కొనాలని తమ్ముడు వెనక సీట్లో ఎక్కాడు. కారు కదలగానే ఆమె డ్యాష్‌బోర్డు మీది దేవుడి పటం వైపు చూసి, “ఈ పొద్దు దేవునికి దీపాలు వెలగల్యా” అంది. ఆ పటం చుట్టూ సన్నని రంగు దీపాల తీగ ఉంటుంది. దసరాకు తమ్ముడు మా కారును చాకవేలుకు తీసుకుపోయి, తన ట్రాక్టరుతో, మోటార్లతో పాటు దానికీ ఆయుధపూజ చేసి, ఆ తీగ కట్టించి పంపాడు. తీగలో ఏదో ఊడిపోయుంటుందని నేననుకున్నాను. ఎవరం పట్టించుకోలేదు.

పేరేసంద్ర దాటాక టీ తాగుదామని ఆమె ఎడమకు తిప్పబోయి ఇండికేటరు వేసింది. టిక్కు టిక్కు మనే చప్పుడు రాలేదు. కుడికి వేసింది. అదీ అంతే.

కారును ద్రాక్షతోట పక్కనున్న టీ అంగడి ముందు ఆపింది. పరీక్షకు ముందు ఇనస్పెక్టరు బండి చుట్టూ తిరిగి ఇండికేటర్లు, బ్రేకు లైట్లు వేయించి చూస్తాడు. అవి లేకపోతే బండి మైదానంలోకే పోదు. గడియారంలో తొమ్మిదిన్నర.

“చెయ్యి బయటికి చాపి చూపిచ్చు అక్కా. మన తాతలకు ఇండికేటర్లు ఉన్న్యాయా?” అన్నాడు తమ్ముడు.

“మన తాతలు ఎద్దులబండి తోలినారు. వాళ్ళకు ఎవురూ పరీక్ష పెట్టలేదు. ఊరికే కూర్చో.”

నేను మెకానిక్‌కు ఫోన్ చేశాను. గుడిబండలో పెళ్ళిలో ఉన్నాడట, మధ్యాహ్నం దాటాక వస్తానన్నాడు. ఫోన్ పెట్టేసి చూసేసరికి ఆమె డ్యాష్‌బోర్డు మీద ఎర్ర త్రికోణం బొత్తాం నొక్కి, కిందికి దిగి, కారు చుట్టూ తిరుగుతోంది. ముందు రెండు, వెనక రెండు, నాలుగు దీపాలూ కొట్టుకుంటున్నాయి.

“చూడండి. దీపాలు బాగుండాయి. నాలుగూ ఒకేసారి వెలగతాండాయంటే బల్బులు పోలేదు. పక్కకు తిరిగేటప్పుడు వచ్చే కరెంటు యాడో మధ్యలో ఆగిపోయిండాది.”

“అయితే ఫ్యూజే పోయుంటాది” అన్నాడు తమ్ముడు, తనకు తెలిసిన మాట దొరికినందుకు సంబరంగా. వెంటనే బానెట్ ఎత్తి లోపలికి తొంగి చూశాడు. “ఈడుండేటివన్నీ పెద్దవి. ఇండికేటరుది యాడుండాదో తెల్దే.”

ఆమె నా వైపు తిరిగింది. “అరలో కారు పుస్తకం ఉండాది. ఇన్నేండ్లుగా ఒక్కసారన్నా తెరిచినారా? ఊర్లో కాగితాలన్నీ చదువుతారు గదా, ఇదీ చదవండి.”

చదివాను. ఆ పుస్తకం కొత్తగా కరకరలాడుతూ ఉంది. చిన్న దీపాలూ, వైపర్లూ, రేడియో వంటి వాటి ఫ్యూజులు స్టీరింగు కింద, నడిపేవాళ్ళ కుడి మోకాలి దగ్గర మూత వెనక ఉంటాయని రాసి ఉంది. మూత లాగితే వచ్చింది. లోపల రంగురంగుల ముక్కలు బారులు తీరి ఉన్నాయి. ఎరుపు, నీలం, పసుపు, ఆకుపచ్చ. ఏది దేనిదో చెప్పే పట్టీ మూత లోపలివైపు ఉంది గానీ, అక్షరాలు చీమ తలకాయలంత. నేను దాన్ని ఫోనులో ఫొటో తీసి పెద్దది చేశాను. ఆ రోజు నేను చేసిన ఘనకార్యం అదొక్కటే.

“రెండో వరస, ఎడమ నుంచి నాలుగోది. ఎరుపు. పది ఆంపియర్లు” అని చదివాను.

ఆమె ముందు తాళంచెవి బయటికి తీసి కొంగుకు ముడేసుకుంది. పెట్టెలోనే అమర్చి ఉన్న చిన్న ప్లాస్టిక్ పట్టకారుతో నాలుగోదాన్ని పట్టి నిటారుగా లాగింది. సూదిలో దారం ఎక్కించేటప్పుడు చూసినట్టే ఒక కన్ను మూసి, దాన్ని ఎండకు ఎత్తి పట్టింది. ఎర్ర ప్లాస్టిక్ లోపల వంపు తిరిగిన సన్నని తీగ మధ్యలో తెగి, అంచులు నల్లబడి ఉన్నాయి. మంచిదెట్లా ఉంటుందో చూడాలని పక్కదాన్ని కూడా తీసి చూసింది. అందులో తీగ తెగలేదు. దాన్ని మళ్ళీ దాని చోటే పెట్టింది.

మూతలో అదనంగా రెండు ఫ్యూజులున్నాయి. ఒకటి ఎరుపు, ఒకటి నీలం. ఎర్రదాన్ని ఖాళీలో అదిమింది. తాళం తిప్పి ఇండికేటరు వేసింది. టిక్కుమంది. నేను చప్పట్లు కొట్టబోయేలోగా ఆగిపోయింది.

తీసి చూస్తే అదీ తెగింది.

ఇప్పుడు తమ్ముడి వంతు వచ్చింది. “అక్కా, నువ్వు జరుగు. మా స్టార్టరు పెట్టెలో ఫ్యూజు పోతే నేనేం చేస్తానో తెల్సునా? వైరు చీల్చి రెండు పోగులు చుట్టి పెడతా. మళ్ళా పోతే నాలుగు పోగులు. ఇప్పుడు ఆరు పోగుల మీద నడస్తాండాది మోటారు, రాజా మాదిరి.”

మా సీమలో ఇది అతనొక్కడి పద్ధతి కాదు. వెయ్యి అడుగుల లోతు నుంచి నీళ్ళు తోడేవాళ్ళకు కరెంటు వచ్చిన గంటే బంగారం. ఆ గంటలో ఫ్యూజు కోసం అంగడికి పోయేవాళ్ళు ఎవరూ లేరు. రాగి పోగు చుట్టి మోటారు తిప్పడం ప్రతి రైతుకూ చేతిలో ఉన్న పని. అతను అప్పటికే పంచె నడుముకు బిగించి, టీ అంగడాయన దగ్గర వైరు ముక్క అడుగుతున్నాడు.

“పోగు పెడితే పోగు కాలదు, కారు కాలతాది. కూర్చో అక్కడ” అంది ఆమె.

“పదకొండుకు పరీక్ష అక్కా! టైము చూడు!”

పది కావస్తోంది. ఆమె టైము చూడలేదు. కారు తలుపు తెరిచి గడప మీద కూర్చుని కాలిన రెండు ఫ్యూజులనూ అరచేతిలో పెట్టుకుని చూస్తోంది.

“మిషన్‌లో దారం మాటిమాటికీ తెగతా ఉంటే కొత్త దారం ఎక్కిచ్చేది కాదు పని. యాడ రాచుకుంటా ఉండాదో చూడల్ల. ఇది ఊరికే తెగల్యా. దీన్ని ఏదో తెంపతా ఉండాది.”

తల కిందికి వంచి, పాదాలు పెట్టే చోట మోకరించి, ఫ్యూజు పెట్టె వెనక చేత్తో తడిమింది. కళ్ళు మూసుకుని, వేళ్ళతోనే చూసింది. కుట్టు లోపల ఎక్కడ ముడి పడిందో ఆమె వేళ్ళు అట్లాగే కనిపెడతాయి. కాసేపటికి ఒక సన్నని ఆకుపచ్చ వైరు రెండు వేళ్ళతో బయటికి లాగింది. దాని కొస ఆ నాలుగో ఫ్యూజు చోటి వెనకే, ఫ్యూజు కాలు దిగే సందులో దోపి ఉంది. రెండో కొస వెంట పోతే స్టీరింగు కింద ఇనుప పట్టీ మీదుగా, డ్యాష్‌బోర్డు పైకి, దేవుడి పటం దగ్గర తేలింది. పట్టీ అంచున వైరు తోలు అరిగిపోయి, లోపలి రాగి మెరుస్తోంది. కారు అదిరినప్పుడల్లా ఆ రాగి ఇనుముకు తగులుతోంది.

“పొద్దున్నే అంటిని, దేవునికి దీపాలు వెలగల్యా అని” అంది. తర్వాత తమ్ముడి వైపు తిరిగింది. “ఇది ఎవురు పెట్టిచ్చినారు సామీ?”

తమ్ముడు ద్రాక్షతోట వైపు చూశాడు. “నేనే పెట్టినా. దీపాలు కొట్టుకుంటాయి గదా, ఇండికేటరు వైరైతే సరిగ్గా ఉంటాదని...”

“నీ తెలివి తెల్లారినట్లే ఉండాది.”

వైరును రెండువైపులా పీకి చుట్టచుట్టి అతని ఒళ్ళో వేసింది. మరి ఫ్యూజు? మిగిలింది నీలం ఒక్కటే.

“నీలం పెడదాం అక్కా, అది పదైదు. ఇంకా గట్టిది” అన్నాడు అతను, ఈసారి కాస్త మెత్తగా.

“ఎర్ర చీరకు నీలం జాకెట్టు ఇస్తే ఎవురన్నా కట్టుకుంటారా? ఎరుపుకు ఎరుపే.” నన్ను అడిగింది. “ఇంకో ఎర్రది యాడుండాది చదవండి. మనకు ఈ పొద్దు అక్కరలేనిది.”

ఫోనులో ఫొటో మీద వేలు జరుపుతూ చదివాను. వైపర్లది కాదు, హారనుది కాదు. “రేడియోది ఎరుపే” అన్నాను. అన్నాక ఎందుకన్నానా అనిపించింది. కారెక్కితే నాకు వార్తలు వినడం అలవాటు.

“ఒక పూట వార్తలు లేకపోతే లోకం మునగదులెండి” అని రేడియో ఫ్యూజు పీకి, మంచిదో కాదో ఎండకు చూసి, నాలుగో చోట పెట్టింది. తాళం తిప్పింది. ఎడమ. టిక్కు, టిక్కు, టిక్కు. కుడి. టిక్కు, టిక్కు. ఒక నిమిషం పాటు ఆగకుండా కొట్టుకోనిచ్చింది. టీ అంగడాయన గ్లాసు చేత్తో పట్టుకుని చూస్తూ నిలబడ్డాడు. వెనక నిలబడ్డ తమ్ముడు, “ఉండాది అక్కా! వెలగతాండాది! రెండు పక్కలా!” అని అరుస్తున్నాడు, తనే బాగు చేసినట్టు.

పదకొండుకు ఐదు నిమిషాలుండగా మైదానం చేరాం. దూరంగా నంది కొండ మీద మబ్బు కూర్చుని ఉంది. ఇనస్పెక్టరు కాగితం చూసి, “ఇవత్తే కొనె దిన అల్వేనమ్మా?” అన్నాడు కన్నడంలో, ఇవాళే ఆఖరు కదా అని. తర్వాత బండి వెనక్కి నడిచాడు. “ఎడగడె ఇండికేటర్ హాకి.” ఎడమది వెలిగింది. “బలగడె.” కుడిది వెలిగింది. తల ఊపి, పక్క సీట్లో ఎక్కాడు.

నేనూ తమ్ముడూ గోడ పక్కన నిలబడ్డాం. ఎనిమిది అంకె ఆకారంలో తిప్పింది. ఏటవాలు గట్టు మీద ఆపి, వెనక్కి జారనివ్వకుండా ముందుకు కదిలించింది. ఆఖరున రివర్సు. తమ్ముడు నా మోచేయి పట్టుకున్నాడు. కారు నిదానంగా, గుడ్డ మీద కత్తెర పోయినట్టు, గీతల మధ్యనుంచి వెనక్కి వచ్చింది. ఒక్కసారి కూడా ఆగలేదు.

“వెనక్కొచ్చింది బావా” అన్నాడు మెల్లగా.

“ఊర్లో చెప్పు” అన్నాను.

ఇనస్పెక్టరు దిగి సంతకం పెట్టి, “పాస్ అమ్మా. ఇండికేటర్ మరీబేడి” అన్నాడు. మరిచిపోవద్దట! ఆమె నవ్వు ఆపుకోలేక కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

గేటు బయట ఆమె, తమ్ముడు అంటించిన ఎల్ అక్షరాలను అతనితోనే పీకించింది. గోళ్ళతో గీకి గీకి పీకాడు. “కాగితం మాత్రం బాగా అంటిచ్చినావు రా. వైరూ ఇట్లే కడితే ఎంత బాగుండు” అని నిలబడి చూసింది. తర్వాత సామాన్ల అంగట్లో ఎర్ర ఫ్యూజులు నాలుగు కొంది. ఒకటి రేడియోకు పెట్టింది. మిగిలినవి ఆమె గుండీల డబ్బాలో ఉన్నాయి. తిరుగుదారంతా తనే నడిపింది, నేను వార్తలు విన్నాను. బాగేపల్లిలో మా సందు మలుపు దగ్గర ముందూ వెనకా ఒక్క మనిషి లేడు. అయినా ఇండికేటరు వేసే తిరిగింది.

కార్డు ఇంటికొచ్చిన వారానికి ఒక్కతే చింతామణికి బయల్దేరింది. లైనింగు కొనుక్కుని బట్లహళ్ళి పోయి, పొద్దు గూకేలోగా వస్తానంది. పదిన్నరకు ఫోన్ చేశాను, ఎత్తలేదు. పదకొండుకు చేశాను, ఎత్తలేదు. చాకవేలు నుంచి తమ్ముడు నాకు రెండుసార్లు చేశాడు. ఆ వారమే అతను స్టార్టరులో ఆరు పోగులు తీసేసి అసలైన ఫ్యూజు వేయించాడని అప్పుడే తెలిసింది. పన్నెండున్నరకు ఆమే చేసింది. వెనకాల వాళ్ళక్క గొంతు, గిన్నెల చప్పుడు వినబడుతున్నాయి.

“ఏమైంది, అన్నిసార్లు చేసినారే?”

“ఎత్తలేదని...”

“బండి నడిపేటప్పుడు ఫోన్ ఎత్తకూడదని తెల్దా? లైసెన్సు ఉండేవాళ్ళేనా మీరు?”