సియాటెల్–వాంకూవర్ దారిలో నేను చెప్పని మాట

మా పక్కింటాయన మంగళవారం ఉదయం పోయారు. గంట తిరక్కుండానే మా ఊరి తెలుగువాళ్ళ వాట్సాప్ గ్రూపు నిండా జోడించిన చేతుల బొమ్మలు. అవి పెట్టినవాళ్ళలో సగం మంది ఆయన్ని 'కరివేపాకు అంకుల్' అని వెనకాల నవ్వినవాళ్ళే. వాళ్ళని తిట్టే అర్హత నాకు లేదు. ఆ పేరు ఆయనకి నా వల్ల వచ్చింది.

సియాటెల్‌నీ కెనడాలోని వాంకూవర్‌నీ కలిపి ఒకే ఆర్థిక కారిడార్ చేస్తామని పెద్దలు ఉపన్యాసాలు మొదలుపెట్టిన రోజుల్లో మా కంపెనీ రెండు నగరాల్లోనూ ఆఫీసు తెరిచింది. అందులోనే పనిచేసే ఆయనా నేనూ సోమవారం వాంకూవర్ వెళ్ళి గురువారం సియాటెల్ తిరిగొచ్చేవాళ్ళం, ఆయన కారులో. సరిహద్దు దగ్గర క్యూలో ఆగకుండా దాటడానికి నమ్మకస్తులకిచ్చే కార్డు ఇద్దరికీ ఉండేది. దారి పొడవునా నేను చదివిన పుస్తకాలన్నీ వినిపించేవాణ్ణి. ఆయన ఓపిగ్గా వినేవారు. సరిహద్దు దగ్గరపడగానే మాత్రం నల్లకళ్ళద్దాలు తీసేసి కాలర్ సర్దుకునేవారు.

"మనల్ని నమ్మి కార్డిచ్చారు గురువుగారూ. మొహం కనబడాలి కదా!"

ఒక గురువారం వాంకూవర్ కొట్లో లేత కరివేపాకు కనబడింది. నిమ్మజాతి చెట్లకి తెగులు తెస్తుందని దాన్ని అమెరికాలోకి రానివ్వరు. నాకు తెలుసు. అయినా పేపర్లో చుట్టి, ఆయనకి చెప్పకుండా, కారు డిక్కీలో గొడుగు కిందకి తోశాను.

"ఎనీథింగ్ టు డిక్లేర్?" అన్నాడు ఆఫీసర్, మాకు చెప్పాల్సిందేమైనా వెంట తెచ్చారా అని.

"నథింగ్ సర్" అన్నారాయన నిబ్బరంగా.

ఆ రోజే డిక్కీ తెరిపించారు. పొట్లం ఎవరిదని అడిగారు. నేను నా బూట్ల వైపు చూశాను. ఆయన ఒక్క క్షణం నా వైపు చూసి, "కారు నాది సర్. అదీ నాదే" అన్నారు.

ఆయన కార్డు రద్దయింది. నాది మిగిలింది. రెండు ఆఫీసులకీ కలిపి ఒకరిని పై అధికారిగా వెయ్యబోతున్న నెల అది. ఆ పదవి ఆయనకేనని అందరూ అనుకుంటున్నారు. "బోర్డర్‌లో గంటలు గంటలు ఆగిపోయే మనిషితో పనెలా అవుతుంది?" అని మా మేనేజరు ఆ కుర్చీ నాకిచ్చాడు. అతను మూర్ఖుడని ఇన్నేళ్ళూ నలుగురి దగ్గరా చెప్పుకున్నాను. పాపం, అతనికి నిజం తెలియదు. తెలిసిన నేను వెళ్ళి ఆ కుర్చీలో కూర్చున్నాను. సభల్లో నిలబడి, రెండు నగరాల్ని కలిపేది రోడ్డు కాదు, నమ్మకం అని మాట్లాడాను కూడా. ఉగాది పార్టీలో ఎవడో "అంకుల్, పులిహోరలోకి మీ సరుకేదీ?" అంటే అందరితో పాటు నవ్వాను.

ఆయన తన వంటింటి కిటికీలో ఒక కరివేపాకు కుండీ పెట్టారు. ప్రతి ఆదివారం పేపర్లో చుట్టి కంచె మీదుగా నాకందించేవారు.

"ఇది బోర్డర్ దాటింది కాదులెండి. ఎనీథింగ్ టు డిక్లేర్, గురువుగారూ?"

"ఏం లేదండీ."

"సరే, వచ్చే వారం చూద్దాం."

పదకొండేళ్ళు అలా అడిగారు. ఆయనకది సరదా అని నన్ను నేను నమ్మించుకున్నాను.

శుక్రవారం వాళ్ళింటికి వెళ్ళాను. ఆయన భార్య ఎదురుగా కూర్చోలేక నిలబడే చెప్పాను. "అమ్మా, ఆ రోజు ఆ పొట్లం నాది."

"తెలుసు అన్నయ్యగారూ. ఇంటికి రాగానే చెప్పారు. నేనే వచ్చి మిమ్మల్ని కడిగేస్తానన్నాను. 'వద్దు, చదువుకున్న మనిషి, ఆయనే చెప్తారు' అన్నారు."

తల తిప్పుకుంటే కిటికీ కనబడింది. కుండీలో మొక్క ఒక పక్క గుబురుగా ఉంది. మా ఇంటి వైపు కొమ్మలు కోసి కోసి పొట్టిగా మిగిలాయి. దాని పక్కనే, ఆదివారం నాకోసం కోసి, కంచె దాకా నడిచే ఓపిక లేక ఆయన ఉంచేసిన పొట్లం. పేపరు మడతల్లోంచి ఆకులు నల్లబడి కనిపిస్తున్నాయి.