పదకొండు సెకన్ల ధైర్యం

ఆపరేటరు మామయ్య ధైర్యం గురించి ఆ వీధిలో తెలియనివాళ్లు లేరు. తెలియనివాళ్లు ఎదురుపడితే ఆయనే ఆపి మరీ చెప్పేవాడు. క్షుద్రపూజల సినిమా ఆడిన వంద రోజులూ, హాల్లో జనం కెవ్వుమంటుంటే, ప్రొజెక్టరు గదిలో తానొక్కడే కన్నార్పకుండా చూశానని నలభై ఏళ్లుగా కోతలు కోస్తూనే ఉన్నాడు. వినీ వినీ ఆయన భార్యకు విసుగెత్తిపోయింది.

ఒక ఉదయం, పాత సినిమాలను కంప్యూటరులోకి ఎక్కించి భద్రపరిచే సంస్థ నుంచి ఒకమ్మాయి వాళ్లింటికి వచ్చింది. ఆ సినిమాకు ఇప్పుడు మిగిలింది మామయ్య హాల్లో ఆడిన ప్రింటు ఒక్కటేనట. మంత్రగాడి మొహం అద్దంలో కనిపించేచోట, విడిగా దొరికిన సౌండు రీల్లో కేక పదకొండు సెకన్లుంది గానీ, ప్రింటులో ఆ బొమ్మ లేదట. ఆ ముక్క దొరక్కపోతే సినిమా ఎప్పటికీ అసంపూర్తిగానే ఉండిపోతుందంది.

మామయ్య చూపు అటక మీదికి పోయింది. రీలు మార్చమని చెప్పే చుక్క, తెర మూలన సరిగ్గా ఆ మొహంతోపాటే వచ్చేది. చుక్క కోసం చూడక తప్పదు, చూస్తే మొహం కనిపించక తప్పదు. మొదటి ఆటకే ఆయన హడలిపోయాడు. రెండో ఆటకల్లా ఆ మొహాన్ని కత్తిరించి మిగతాది అతికించేశాడు. చుక్కను మాత్రం ముందు ఫ్రేముల మీద సూదితో గీసుకున్నాడు. పారేస్తే పగబడుతుందేమోనని ముక్కను పౌడరు డబ్బాలో పెట్టి అటకెక్కించాడు.

చెబితే పరువు పోతుంది, చెప్పకపోతే సినిమా పోతుంది. కాఫీ గ్లాసులతో వచ్చిన భార్య గుమ్మంలోంచి కదలదు. మామయ్య అటు చూడకుండా డబ్బా దించి అమ్మాయి చేతిలో పెట్టాడు.

"నేనే కోశానమ్మా. భయమేసింది."

అమ్మాయి ఆ ముక్కను వెలుతురుకు పెట్టి చూసి మురిసిపోయింది. మిగతా ప్రింటంతా గీతలే. ఇది మాత్రం ఒక్క ఆటే ఆడింది కనుక కొత్తదానిలా ఉంది.

"మీకు ధైర్యం ఉండుంటే ఇదీ అరిగిపోయేదండీ," అంది.

భార్య పల్లెత్తు మాట అనలేదు. మామయ్యకు మంత్రగాడికన్నా ఆ మౌనమంటేనే ఎక్కువ భయమేసింది.

బాగుచేసిన సినిమా వేసిన రోజు ఇద్దరినీ ముందు వరసలో కూర్చోబెట్టారు. అద్దం రాగానే మామయ్య కళ్లు గట్టిగా మూసుకుని భార్య చెయ్యి పట్టుకున్నాడు.

"అయిపోయాక చెప్పవే," అన్నాడు మెల్లగా.

ఆమె రెండు సెకన్లు ఆగింది.

"అయిపోయిందండీ. తెరవండి."

మామయ్య పెట్టిన కేకకు హాలంతా లేచి నిలబడింది. నలభై ఏళ్లుగా విన్న కోతలన్నిటికీ కలిపి ఆమె కడుపుబ్బ నవ్వింది. ఆయన చెయ్యి మాత్రం వదల్లేదు.