గంగలో కలవని గ్రంథం

ముందే ఒప్పేసుకుంటున్నాను: ఉన్నది ఉన్నట్టు చెప్పడం నాకు చేతకాదు. వంటింట్లో బల్లి కనిపిస్తే, నా నోట్లోంచి బయటికొచ్చేసరికి అది మొసలై ఉంటుంది. కాబట్టి కింది అంకెలన్నిటినీ పదితో భాగించుకుని చదవండి.

మా అమ్మాయికి, మేముండే ఈ బెంగాలీ మహానగరంలోనే, సాల్ట్ లేక్ పేటలో వీడియో గేములు తయారుచేసే ఆఫీసులో ఉద్యోగం దాదాపు ఖాయమైంది. మిగిలింది ఒక్కటే. ఒక లోకాన్ని ఊహించి, ఆ లోకపు వస్తువొకటి చేత్తో చేసి సోమవారం పట్టుకురమ్మన్నారు. మరొకరైతే ఏ కత్తో కిరీటమో చేసేవారు. మా పిల్ల ఏకంగా పవిత్ర గ్రంథానికి పూనుకుంది.

అది ఇద్దరు చంద్రులున్న లోకమట. అక్కడి దేవుడు సృష్టి సగం చేసి నిద్రపోయాడట. మిగతా సగం ఎలా చెయ్యాలో ఈ గ్రంథంలో రాసి దిండు కింద పెట్టుకున్నాడట. ఆ దేవుడికొక లిపి కూడా పిల్లే కనిపెట్టింది. ఆరు వారాలు కాగితాలను టీ డికాక్షన్‌లో ముంచి, ఆరబెట్టి, అంచులు కాల్చింది. భవానీపూర్ టీకొట్లన్నిటికీ ఏడాదికి సరిపడే టీపొడి మా ఇంట్లోనే అయిపోయింది. చివరికి రెండు చెక్కల మధ్య, ఎర్ర తాడు చుట్టుకుని, నాలుగు వందల ఏళ్ళ వయసుతో పుట్టిందా గ్రంథం.

కింద వాటాలో ఉండే మా ఇంటి యజమానిని దాదా అంటాం. దేవుడికి చేరినదేదీ చెత్తబుట్టలో పడకూడదని ఆయన పట్టుదల. అందుకే ప్రతి ఆదివారం ఉదయం వారం రోజుల వాడిన పూలు, చిరిగిన దేవుడి పటాలు సంచిలో వేసుకుని గంగ ఘాట్‌కి వెళ్తారు. వెళ్తూ మా పూల సంచి కూడా తీసుకెళ్తారు. ఆ ఆదివారం మా అమ్మ ఆ సంచితోపాటు, భోజనాల బల్ల మీదున్న గ్రంథాన్ని కూడా కళ్ళకద్దుకుని ఆయన చేతిలో పెట్టింది.

పదింటికి పిల్ల లేచి ఖాళీ బల్లను చూసింది.

“నాన్నా, నా పుంథి, అదే, నా గ్రంథం ఏది?”

నేను నోరు తెరిచేలోగా అమ్మ అందుకుంది. “చెక్కల పుస్తకమా? అది తెలుగు కాదు కదమ్మా. పాత బెంగాలీ పురాణమేటో, కిందోళ్ళదనుకొని ఇచ్చీసినాను. నాకేటి తెలుసు?”

కిందికి పరుగెత్తాం. దాదా ఫోను వాళ్ళింట్లోనే మోగుతోంది. ఆయన భార్య, మేం బౌది అని పిలిచే ఆవిడ, తాపీగా చెప్పింది: “మీ తెలుగు శాస్త్రమా? గంగలో కలపడానికి పట్టుకెళ్ళారు కదా.”

అది బెంగాలీ కాదు కనక తెలుగే అనుకున్నారు వాళ్ళు. పూల సంచితో వచ్చింది కనక సాగనంపమనే అనుకున్నారు.

పసుపు టాక్సీ ఎక్కాం. డ్రైవరు వయసు గ్రంథం కన్నా ఎక్కువ, బండి వయసు డ్రైవరు కన్నా ఎక్కువ. దారిలో నాలుగు వేల సిగ్నళ్ళు, అన్నీ ఎర్రవే. పిల్ల ఏడవలేదు. వేళ్ళకంటిన టీ మరకలు చూసుకుంటూ, “రేపటికి ఇంకోటి చెయ్యలేను నాన్నా,” అంది ఒక్కసారి. ఆ మాటను పెంచి చెప్పడానికి నాకేమీ దొరకలేదు.

ఘాట్ మెట్ల మీద దాదా కూర్చుని ఉన్నారు. గ్రంథం ఒళ్ళో ఉంది. పక్కన చీపురు పట్టుకుని ఒక కార్పొరేషన్ పనివాడు.

“పూలు ఇక్కడి డబ్బాలో వేసేశాను భాయ్,” అన్నారు దాదా. “ఇది మీ దేవుడిది. ఏ మంత్రంతో పంపాలో తెలీదు, తప్పు చదివితే నా మీద కోపం పెట్టుకుంటాడు. ఇతను తెలుగువాడంటే చదవమన్నాను.”

“సూసినాను బాబూ,” అన్నాడు పనివాడు తెలుగులో. “శానా పెద్ద తెలుగిది. పంతులు లేకండా నీళ్ళలో వెయ్యకూడదని సెప్పినాను.” తర్వాత, దాదాకి మన భాష రాదన్న ధైర్యంతో, “నానిక్కడే పుట్టినాను బాబూ. మాటాడతాను గానీ సదవడం రాదు. ఈయన ముందర ఏటని ఒప్పుకుంటాను?” అన్నాడు.

అది అసలు తెలుగే కాదని చెప్పాను. అతను పెద్ద ఊపిరి వదిలాడు. “అయితే తప్పు నాది కాదన్నమాట.”

ఆనందం పట్టలేక అందరికీ మట్టి ముంతల్లో టీ తెప్పించాను. పిల్ల మాత్రం గ్రంథాన్ని గుండెకు అదుముకుని, టీ వాసన ఈ జన్మకి చాలంది. మర్నాడు ఆఫీసులో, దాదా సంచిలో చెక్కకి అంటిన బంతిపూల మరక చూసి, ఇంత సహజంగా ఎలా తెచ్చావని అడిగారట. ఉద్యోగం వచ్చింది.

ఇక అసలు కల్పన. నిజానికి గ్రంథాన్ని దాదా చేతిలో పెట్టింది మా అమ్మ కాదు, నేను. ఆరు వారాలు పిల్ల ప్రతి పేజీ తెచ్చి చూపించింది. నేను ఫోన్లోంచి తలెత్తకుండా “బాగుంది” అన్నాను. అందుకే బల్ల మీద ఎదురైతే గుర్తుపట్టలేదు. అమ్మ నా మొహం చూసి నేరం మీదేసుకుంది. ఎందుకని తర్వాత అడిగితే, “నీకు అబద్ధం సెప్పడం రాదురా, పెంచీసి పాడుచేస్తావు,” అంది.

పిల్లకి తెలుగు చదవడం రాదు. అందుకని ఇదంతా నేనే చదివి వినిపించాను.

“తెలుసు నాన్నా,” అంది తలెత్తి. “దాదా ఘాట్ మెట్ల మీదే చెప్పేశారు.”