నేలల పేర్లు అడిగిన కాగితం

దోహా తెలుగువాళ్ళ ఉగాది సంచికలో నా వ్యాసం వేసి, కింద నా పేరు పక్కన "సేకరణ" అని అచ్చు కొట్టించారు. రాసింది నేను. మూడుసార్లు తిరగరాశాను. ఎక్కడో దొరికింది ఏరుకొచ్చి ఇచ్చినవాళ్ళలో నన్ను కలిపేశారు.

అప్పటికి, తొంభైల మధ్యలో, నేనొక కంపెనీలో డ్రైవర్ని. బడిలో చదివింది ఎనిమిదో తరగతి. ఆపైన చదువంతా కడపలో పాత పుస్తకాల బండి దగ్గర, ఖతార్‌లో కారు సీట్లో. ఒక స్కాట్లాండ్ ఇంజనీరును వారానికి రెండుసార్లు దుఖాన్ చమురు ప్లాంటుకు తీసుకుపోయేవాణ్ణి. మొదటిరోజే, "ఇంగ్లండులో ఏ ఊరు సార్?" అని అడిగాను.

"నిన్ను మలబారీ అంటే పలుకుతావా?" అన్నాడాయన.

అక్కడి అరబ్బులకు దక్షిణాదివాళ్ళం అందరం మలబారీలమే. ఆ మాట నాకెంత మంటో ఆయనకెట్లా తెలిసిందో. "పలకను సార్" అన్నాను.

"నేనూ అంతే."

ఆ తర్వాతి వారం ఒక లావుపాటి స్కాట్లాండ్ చరిత్ర పుస్తకం నా చేతికిచ్చాడు. ఆయన ప్లాంటు లోపల ఉన్నంతసేపూ నేను షెడ్డు నీడలో కారు ఆపుకొని, ఒళ్ళో నిఘంటువు పెట్టుకొని చదివేవాణ్ణి. ఒక్కో పేజీకి ఒక్కోసారి గంట పట్టేది.

ఆ దేశానికి రాజు ముందే లండన్ పోయాడు. తర్వాత పార్లమెంటూ పోయింది. మిగిలినవి చర్చి, కోర్టులు, చదువులు. అయినా దేశం చెరిగిపోలేదు. పండితులు సిరా బుడ్లతో దాన్ని నిలబెట్టారు. ముసలమ్మల నోట్లోని పాటలు రాసుకున్నారు, మాటలకు నిఘంటువులు కట్టారు. అందులోనూ సిగ్గుపడినవాళ్ళు ఉన్నారు, తమ ఇంటి మాటల్నే ఇవి వాడకూడదని పట్టీ రాసుకున్నారు. అది చదివిన రోజు కోపమొచ్చి పుస్తకం మూసేశాను. అక్కడి మగవాళ్ళు నడుముకు కట్టే గళ్ళబట్ట వంశానికొకటి అనేది చాలావరకు తర్వాతికాలంలో ఖాయం చేసుకున్నదేనట. తిరుగు దారిలో అడిగాను, "అంటే అబద్ధమా సార్?"

"నా పెళ్ళికి అదే కట్టుకున్నాను. తెలిసే కట్టుకున్నాను. మా నాన్న కళ్ళనీళ్ళు పెట్టుకున్నాడు. ఇంతకంటే నన్నడగకు" అన్నాడు.

నన్ను నిలవేసింది మాత్రం ఇంకొకటి. ఆ దేశంలో ఒకాయన ప్రతి ఊరి చర్చి గురువుకూ ప్రశ్నల కాగితం పంపాడు. మీ ఊళ్ళో ఏం పండుతుంది, ఏ పిట్టలు వస్తాయి, జనం ఏం మాట్లాడతారు అని. జవాబు రానిచోటికి మళ్ళీ మళ్ళీ రాశాడు. అవన్నీ కలిపితే వరుస సంపుటాలయ్యాయి. ఒక దేశం మొత్తాన్ని నిలబెట్టి, నువ్వెవరో నువ్వే చెప్పు అని అడిగినట్టు. ఆ పేజీ దగ్గర తలెత్తాను. ఎదురుగా ఎండలో పైపులు మోస్తున్నవాళ్ళలో సగంమంది మనవాళ్ళు. వాళ్ళనెవరు అడిగారు?

నేను అడిగాను. పన్నెండు ప్రశ్నలు రాసుకొని, సెలవురోజు శుక్రవారం వాళ్ళుండే క్యాంపుకు పోయాను. కాగితం చూడగానే అందరూ చొక్కాలు తొడుక్కొని వరసగా నిలబడ్డారు. ముందున్నాయన కరీంనగర్ వైపు మేస్త్రి.

"మీ ఊళ్ళో నేలలకు ఏమేం పేర్లు?" అన్నాను.

"నేలనా? తవ్వుత. రాయున్నా తవ్వుత, రాస్కో కాకా."

"వానలో?"

"వానకు ఇబ్బంది లేదు. ఎండల గూడ జేస్త. నడుం నొప్పి లేదు, షుగర్ లేదు."

వెనకనుంచి గోదావరి వైపు కుర్చీలు చేసే ఆయన తొందరపడ్డాడు. "నాకు వెల్డింగూ వచ్చని రాయండి బాబాయ్. రాదనుకోండి, నేర్చుకుంటాను."

ఏజెంట్ల ముందు నిలబడీ నిలబడీ, ప్రశ్నల కాగితమంటే కొత్త వీసా ఇంటర్వ్యూ అనుకున్నారు. కాదయ్యా అని అరగంట చెప్పాను.

"అయితే ఉద్యోగం మాఫీ?" అన్నాడు మేస్త్రి. లేదు అనడానికి అక్కడి అరబ్బీ మాట అది.

"మాఫీ."

"మరి మా చెల్క ముచ్చట నీకెందుకే?"

"రాసిపెడతాను."

ఆయన నా ఎదురుగా కూర్చున్నాడు. తర్వాత వేళ్ళు మడిచాడు. "చెల్క. దుబ్బ. రేగడి. ఇగ చౌడు, దాంట్ల ఏం మొలవది." గోదావరాయన అందుకొని లంక భూములు, ఒండ్రు అన్నాడు. ఇద్దరికీ వాదం ముదిరింది. పొయ్యి మీద పప్పు మాడినా ఎవరూ లేవలేదు. కంపెనీ కార్డు మీద వాళ్ళ పేరు పక్కనుండేది ఒకటే మాట, లేబర్. ఆ మాట కింద ఇన్ని జిల్లాల మట్టి ఉందని నాకూ అంతవరకు తెలియదు.

అట్లాంటి శుక్రవారాలు ఏడాది పాటు గడిచాక వ్యాసం రాశాను. స్కాట్లాండ్ సంగతి పుస్తకంలోనిదేనని మొదట్లోనే చెప్పాను. క్యాంపు సంగతి ఏ పుస్తకంలో ఉంది? సంచిక సంపాదకుడు పెద్ద ఆఫీసులో అధికారి. ఇంటికి పోయి అడిగితే, "ఇంత విషయం ఎక్కడినుంచో తీసిందే అయ్యుంటుంది కదండీ. పైగా మీరు..." అని ఆపి, టీ తాగమన్నాడు. తాగకుండా వచ్చేశాను. మూడు ఉత్తరాలు రాశాను. మూడోదానికి నా ప్రశ్నల కాగితం జతచేశాను. నెల తర్వాత జవాబు వచ్చింది.

"పెద్దలకు నమస్కారం. మొదటి రెండు ఉత్తరాలకు కోపమొచ్చి జవాబివ్వలేదు. మూడోదానిలోని ప్రశ్నలు మా ఆవిడ సరదాకి నన్నడిగింది. మా ఊరి నేలల పేర్లు రెండు దాటి చెప్పలేకపోయాను. మా నాన్నకు ఫోన్ చేసి మిగతావి రాసుకున్నాను, ఇందులో పెట్టాను. ఇట్లాంటిది ఎక్కడినుంచో తీసుకురావడం కుదరదని అప్పుడు అర్థమైంది. అచ్చయిన సంచికలను వెనక్కి తెప్పించలేను. వచ్చే ఏడు మొదటి పేజీలోనే రచన మీదని వేసి, తప్పు నాదని రాస్తాను. మా ఊరి జవాబుల కింద మాత్రం మా నాన్న పేరు రాయండి. నాది వద్దు."