గ్రీకు మాస్టారి కచేరీలో మా బావ డప్పు

సౌదీలో నేనుండే హాయిల్ వదిలి రియాద్ పోవాలంటే నాకు మహా బద్ధకం. ఈసారి పోయింది మా అక్క మొగుడు రాజన్న బావ కోసం. జగిత్యాల దగ్గర డప్పు కొట్టే ఇంట్లో పుట్టిన బావ, రియాద్‌లో ఒక రికార్డింగ్ స్టూడియోలో ఏసీలు చూసుకుంటాడు. సినిమాలకు, టీవీ సీరియళ్లకు సంగీతం కట్టే గ్రీకు మాస్టారొకాయన అక్కడికి పనిమీద వచ్చి, తిండివేళ బావ రేకు డబ్బామీద వేసిన దరువు విన్నాడట. ఇక వదిలితేనా! బావ సెలవుకు పోయి అసలు డప్పే తెచ్చుకున్నాడు. తన పాత, కొత్త సంగీతమంతా వినిపించే కచేరీలో మాస్టారు ఆఖరి అంశం బావకిచ్చాడు.

పొద్దున రైలెక్కితే నాలుగు గంటల పైనే పట్టింది. టికెట్ నూరు రియాళ్ల పైచిలుకు. స్టేషన్ నుంచి ట్యాక్సీలో దారంతా బావ గొప్పలే చెప్పాను. పెషావర్ డ్రైవరు విసిగిపోయి, ఇంట్లో పెళ్లా ఏంటని ఉర్దూలో అడిగాడు. అంతకంటే పెద్దదే అన్నాను.

సాయంత్రం హాలు వెనక గుమ్మం దగ్గర బావ ముఖం వేలాడేసుకుని నిలబడ్డాడు. హాలు ఏసీ చలికి డప్పు తోలు మెత్తబడింది. నిప్పు సెగ తగిలితేగానీ మోగదు. హాల్లో అగ్గిపుల్ల గీయడానికి కూడా వీల్లేదు.

"బామ్మర్దీ, ఇన్నేండ్లు నేను ఏసీలు బాగుచేసిన, ఇయ్యాల ఆ ఏసీయే నా గొంతు వట్టింది. గీ సప్పుడుతోని నేను స్టేజి ఎక్క. మా అయ్య ఇజ్జత్ పోతది."

మాస్టారు వచ్చి తోలుమీద వేలితో కొట్టి చూశాడు. మీరు పోయి రండి, అప్పటిదాకా నేను ఒక్కణ్నే వాయిస్తానని సైగలతో, ముక్కలు ముక్కల ఇంగ్లీషుతో చెప్పాడు.

వెనక వీధిలో, బొగ్గుల పొయ్యిమీద మాంసం, అన్నం వండే మందీ హోటలుంది. యెమెనీ వంటాయన మొదట మమ్మల్ని పిచ్చివాళ్లనుకున్నాడు. విషయం తెలిశాక పొయ్యిలోంచి బొగ్గులు లాగి పళ్లెంలో పోశాడు. బావ డప్పు తిప్పుతూ కాచి, పుల్లతో ఒక్కటి వేశాడు. ఖణేల్‌మంది. వంటాయన భుజాలు వాటంతటవే కదిలాయి.

మేం తిరిగొచ్చేసరికి మాస్టారు పియానో దగ్గర ఒక్కడే ఉన్నాడు. కుర్రతనంలో తన దీవిలో ఒక చిన్న టీవీ సీరియల్‌కు కట్టిన బాణీలు, ఆ తర్వాత పేరు తెచ్చిన సినిమా బాణీలు వాయిస్తున్నాడు. బావ కనపడగానే ఆపేసి లేచాడు. వయొలిన్ల పక్కన బావకు కుర్చీ వేశారు. బావ కూర్చోలేదు. నిలబడే కొట్టాడు. అంత పెద్ద వాద్యబృందం చేతులు కట్టుకుని విన్నది. నాకు ఏడుపాగలేదు, సిగ్గెందుకు.

ఇలా పోయేవాళ్లు తిరుగు టికెట్ ముందే తీసుకోండి, వారాంతంలో రైళ్లు నిండిపోతాయి. మా ఊళ్లో జాతరకైనా చావుకైనా ముందు నడిచేది మా డప్పే. పని అయ్యాక మాత్రం మమ్మల్ని వెనక్కి జరగమనేవాళ్లు. ఇక్కడ కచేరీ అయ్యాక మాస్టారు బావ చెయ్యి పట్టుకుని తనకంటే ముందుకు నడిపించాడు. పక్క సీటు సౌదీ పెద్దాయన, ఆ వాద్యం ఏ దేశానిదని నన్నడిగాడు.

"మా ఇంటిది," అన్నాను.